బల్ల మీద పెట్టిన వాటా

జీవరత్నానికి బాకీ అంటే భయం. షావుకారు బాకీ అయితే సరే, అది లేనివాడు ఆ కాలంలో నంద్యాల తాలూకాలో వెతికినా దొరకడు. అతని భయమంతా దేవుని బాకీ గురించే. ఆ భయం ఎక్కడ పట్టుకుందో సారమ్మకు పెళ్లయిన ఏడాదే తెలిసింది.

వాళ్ల ఊరు ఆళ్లగడ్డకు కోసెడు దూరం. జీవరత్నం నాయన ఏసయ్య పరాయి సేద్యంలో జీతగాడు. ఒక ఏడు వానలు బాగా కురిస్తే ఊళ్లోని ఏసుప్రభువు గుడికి పొట్టేలు ఇస్తానని మొక్కుకున్నాడు. వానలు కురిశాయి. పొట్టేలు మాత్రం ఇవాళ రేపు అంటూ నిలిచిపోయి, చివరికి ఇంట్లో జబ్బు చేస్తే మందులకు అమ్ముడుపోయింది. ఏసయ్య చనిపోయినప్పుడు సమాధి గుంత దగ్గర ఒక పెద్దమనిషి ఊరుకోలేక, "మొక్కిన పొట్టేలు ఇయ్యకుండానే పాయె ఈయప్ప" అన్నాడు. కాలు జారితే తీసుకోగలం గానీ నోరు జారితే తీసుకోలేం. అన్నవాడు ఆ సాయంత్రానికే మరిచిపోయి ఉంటాడు. తండ్రి మీద వేయడానికి గుప్పెడు మన్ను పట్టుకుని నిలబడిన జీవరత్నం మాత్రం జన్మలో మరిచిపోలేదు.

అందుకే నంద్యాల పత్తిమిల్లులో తట్టలు మోసే పనికి కుదిరి మొదటి జీతం అందుకున్ననాడే పదో వంతు తీసి గుడ్డలో మూట కట్టాడు. తట్టలు మోసినవాడు గింజనూ దూదినీ విడదీసే యంత్రాలకు మరమ్మతు చేసే ఫిట్టరయ్యాడు. జీతం పెరిగింది, మూటా పెరిగింది. పెళ్లయ్యాక సారమ్మ పెంచిన కోడి పది గుడ్లు పెడితే ఒకటి పక్కన పెట్టాల్సిందే.

"నీకు జలుబు జేస్తే దాంట్లో గూడా పదో వంతు దేవునికే ఇస్తావా?" అని సారమ్మ ఎగతాళి చేసేది.

"తీసుకుంటానంటే ఇస్తా" అనేవాడు అతను, నవ్వకుండానే.

మనిషి మంచివాడే. తాగుడు లేదు, చెయ్యి ఎత్తడు. మాటలే తక్కువ. రోజంతా యంత్రాల రొదలో నిలబడే మనిషికి ఇంటికొచ్చాక మాట్లాడబుద్ధి కాదేమోనని సారమ్మ సరిపెట్టుకుంది. కాపురం మిల్లు వెనక వీధిలో ఒంటిగది అద్దె ఇంట్లో. పైన రేకులు. ఎండాకాలం ఆ రేకుల కింద ఉడికి, వానాకాలం వాటి కిందే తడిసి, బావిలో ఎన్ని కడవలు తోడుకోవాలో ఇంటిగలామె నోటితో చెప్పించుకుని, ఇద్దరు ఆడపిల్లలను పెంచింది. సొంత ఇల్లు ఒకటి ఉండాలని ఆమెకు కోరిక. మిద్దెలూ మేడలూ అడగలేదు పాపం. బేతంచెర్ల బండలు పరిచిన నేల, ఎవరూ కాలు మోపి 'ఇది మాది' అనలేని వాకిలి, అంతే.

డెబ్భై నాలుగు సంక్రాంతి వెళ్లిన వారంలో మిల్లులో ఒక వింత జరిగింది. ముసలి షావుకారు మిల్లును కంపెనీగా మార్చి, పాత పనివాళ్లకు ఒక్కొక్కరికి ఇరవై షేరు కాగితాలు పంచాడు. చేతికి బోనసు డబ్బు వస్తుందని ఆశపడ్డవాళ్లు ఆ కాగితాలను వెనకా ముందూ తిప్పి చూసి మొహాలు వేలాడేశారు. లెక్కలు చూసే కృష్ణస్వామి వాళ్లందరినీ ఆఫీసు వరండాలో కూర్చోబెట్టి విషయం విప్పి చెప్పాడు. ఆయనది అహోబిలం. పెద్దలంతా గుళ్లో కైంకర్యం చేసుకున్న వంశం. ఆయన మాత్రం స్వామిని వదిలి షావుకారు పద్దుల్లో పడ్డాడు.

"మిల్లులో మీకూ వాటా ఇచ్చినాడప్పా షావుకారు. పదేండ్లు ఈడనే పని చేస్తే అది పూర్తిగా మీది. ఈలోపల పని వదిలిపోయినా, వీటిని అమ్మినా, ఇంకొకరి పేరుకు మార్చినా, ఇరవై కాగితాలూ వాపసు పోతాయి. బాగా గుర్తుపెట్టుకోండి."

"మాకు దీని మీద సర్కారు పన్ను ఏమన్నా పడ్తాదా సామీ?" అని ఒకడు అడిగాడు.

"మీ జీతాలకు పన్ను యాడ పడ్తాదిలే. నాకు పడ్తాది. నేను ఈ ఏడే వీటి విలువ నా ఆదాయంలో చూపించి కట్టేస్తాండా. ఇప్పుడు మిల్లు చిన్నది, షేరు విలువ తక్కువ, పన్నూ తక్కువే."

జీవరత్నం వెనక నుంచి మెల్లగా, "నాకూ పన్నుండాది సామీ. పదో వంతు" అన్నాడు.

అందరూ నవ్వారు. కృష్ణస్వామి నవ్వబోయి ఆగాడు. దేవుడి వ్యవహారమనేసరికి ఆయనలోని అహోబిలం లేచి కూర్చుంది.

"అట్లయితే నీకు రెండు దోవలుండాయి జీవరత్నం. ఇప్పుడే కట్టినావంటే ఇప్పటి విలువకు కడ్తావు, కొంచెంతో పోతాది. పదేండ్లకు నీదయినాక కట్టినావంటే అప్పటి విలువకు కట్టాల. అది ఎంతుంటాదో నాకూ తెలీదు, మీ దేవునికే తెలియాల. అయితే ఒకటి. ఇప్పుడు కట్టి, రేపు ఏ కారణంగానో ఈ షేర్లు పోతే, కట్టింది మాత్రం తిరిగి రాదు."

ఆ సాయంత్రం జీవరత్నం ఇంటికొచ్చి కాగితాలు పెళ్లాం చేతికిచ్చి, కృష్ణస్వామి చెప్పిందంతా చెప్పాడు. అతను అంతసేపు మాట్లాడటం సారమ్మ అంతకుముందు చూడలేదు. ఆమెకు ఆ కాగితాల్లో తన ఇల్లు కనబడింది. పదేళ్లంటే ఎంత, ఓపిక పడితే గడవకపోతుందా అనుకుంది. అంతలోనే మొగుడు పదో వంతు మాటెత్తాడు.

"ఇంకా మనవే కాల్యా గదా, అప్పుడే వంతేంది? ఆలు లేదు చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం అన్నట్టుండాది నీ కథ. మనవైననాడే ఇద్దాం. అప్పటికి పెరిగింటే దేవునికి గూడా ఎక్కువే పోతాది. ఆయనకేం నష్టం?"

"ఎక్కువున్నప్పుడు చెయ్యి రాదు సారా."

"నీకెందుకు రాదు?"

"మా నాయనకు రాల్యా."

ఆమె కాగితాలు అతని చేతికే తిరిగిచ్చింది. అయితే కట్టడానికి చేతిలో డబ్బు లేదు. రెండు రోజులు ఆలోచించి జీవరత్నం తనకు తానే దారి కనిపెట్టుకున్నాడు. ఇరవై కాగితాల్లో రెండు కాగితాలు దేవునికి ఇచ్చేస్తే సరి. షేర్లు పెరిగితే దేవుని వంతూ దాంతోపాటే పెరుగుతుంది, తరిగితే తరుగుతుంది. ముందు కట్టాలా, వెనక కట్టాలా అన్న తగువే ఉండదు. అమ్మకూడదన్నాడు కృష్ణస్వామి. దేవునికివ్వడం అమ్మడం కాదు కదా. సారమ్మకూ ఆ దారి నచ్చింది. ఇంట్లోంచి పైసా కదలదు, మొగుడి మనసు కుదుటపడుతుంది, ఇంకా పద్దెనిమిది కాగితాలు మిగిలే ఉంటాయి. కృష్ణస్వామిని ఒక్కమాట అడిగి ఉంటే బాగుండేది. దేవుడికీ తనకూ మధ్య విషయాన్ని ఆఫీసు వరండాలో పెట్టడం జీవరత్నానికి ఇష్టం లేకపోయింది.

మాఘంలో వాళ్ల ఊరి గుళ్లో కోతల పండుగ వచ్చింది. ఆ పండుగనాడు ఎవరి కష్టంలో మొదటి ఫలం వాళ్లు తెచ్చి గుళ్లో బల్ల ముందు పెడతారు. జొన్న కంకులు, శెనక్కాయల మూటలు, గుమ్మడికాయలు, కాళ్లు కట్టేసిన కోళ్లు. జీవరత్నం ఉతికిన పంచె కట్టుకుని వెళ్లి రెండు కాగితాలను బల్ల మీద పెట్టాడు. గాలికి ఎగురుతాయని ఎవరో వాటి మీద గుమ్మడికాయ పెట్టారు. అతను కళ్లు మూసుకుని నిలబడ్డాడు. ఆడవాళ్ల వైపు చాప మీద కూర్చున్న సారమ్మకు ఆ మొహం చూస్తే ముచ్చటేసింది. సమాధి గుంత దగ్గరి మాట ఆ రోజుతో అతని నెత్తి మీద నుంచి దిగిపోయినట్టే అనిపించింది.

ఒక్క సంగతి మొగుడూ పెళ్లాలిద్దరూ తలవలేదు. కాగితాలు కాబట్టి గుడి పాస్టరు అయ్యగారు పెట్టెలో దాచిపెడతాడని అనుకున్నారు. పండుగ రోజు బల్ల మీదకు వచ్చిన ఏ వస్తువైనా సాయంత్రం గుడి బయట వేలం వేసి, వచ్చిన డబ్బును గుడికి జమ చేయడం తాతల నాటి ఆనవాయితీ. కోడికి లేని మినహాయింపు కాగితానికెందుకుంటుంది?

వేలం వేసేది సంఘపెద్ద సంజీవయ్య. గొంతున్న మనిషి. ఒక్క గుడ్డును నలుగురి చేత పాడించి కోడి ధర రాబట్టగలడు. గుమ్మడికాయను పాడుకున్నవాడు మళ్లీ దేవునికే ఇచ్చేస్తే దాన్నే మళ్లీ పాడించాడు. నవ్వుల, కేకల మధ్య అతని చేతికి షేరు కాగితాలు వచ్చాయి.

"ఇదేందప్పా? ఇంటి పట్టానా? మిల్లు కాగితమంట. జీవరత్నం కష్టార్జితం. ఎవరు పాడతారు, చెప్పండి."

ఎవరూ పాడలేదు. "పొయ్యి ముట్టిచ్చనీకి పనికొస్తాదా?" అని ఒకడన్నాడు. జనం గొల్లున నవ్వారు. జీవరత్నం లేచి అడ్డుపడి ఉండాల్సింది. లేవలేదు, తల దించుకుని నేల చూస్తూ నిలబడ్డాడు. సంజీవయ్య మూడోసారి అడిగినప్పుడు జనం వెనక నుంచి హన్నమ్మ, "ఐదు రూపాయలు" అంది. హన్నమ్మ జీవరత్నానికి వరసకు అత్త. కూలికి పోయే ఒంటరి ముసలిది. ఐదు రూపాయలంటే ఆమెకు చిన్న మాట కాదు. సంజీవయ్య కాగితాలు ఆమె చేతిలో పెట్టాడు.

ఇలాంటి మాటలకు కాళ్లుంటాయి. మిల్లులో ఆళ్లగడ్డ వైపు వాళ్లు ఇంకా ఇద్దరున్నారు. జీవరత్నం షేరు కోళ్లతోపాటు వేలంలో పోయిన కథ వారం తిరగకముందే నంద్యాల చేరి, నవ్వులతోపాటు మేనేజరు చెవిన కూడా పడింది. మేనేజరు షావుకారు అల్లుడు, కొత్తగా వచ్చినవాడు. ముసలాయన షేర్లు పంచడమే అతనికి ఇష్టం లేదు. జీవరత్నాన్ని పిలిపించి, షరతు తప్పావు కనుక ఇరవై కాగితాలూ కంపెనీకి వాపసు పోతాయన్నాడు. కృష్ణస్వామి అడ్డుపడ్డాడు. జీవరత్నం సంతకం చేయలేదు, పేరు మారలేదు, కాగితాలు చేయి మాత్రమే మారాయి, వాటిని తెచ్చి చూపిస్తే షరతు తప్పినట్టు కాదని వాదించాడు. శనివారం వరకు గడువు దొరికింది.

"బేగా పోయి తెచ్చుకోప్పా. ఐదు రూపాయలు ఆమె మొహాన కొడితే ఇస్తాది" అన్నాడు కృష్ణస్వామి.

"బల్ల మీద పెట్టింది తియ్యగూడదు సామీ."

"ఆ రెండిటికోసం ఇరవై పోతాయి."

"పోనీ సామీ."

ఇంటికొచ్చి ఈ మాటలు సారమ్మకు చెప్పాడు. ఆ రాత్రి ఆమె అడగని తీరు లేదు. తిట్టింది, బతిమాలింది, పిల్లల మీద ఒట్టేసింది. కాగితాలకు బదులు ఎంత కావాలంటే అంత డబ్బు తర్వాత ఇద్దామంది. జీవరత్నం ఒక్కటే మాట మీద నిలబడ్డాడు. బైబిల్లో, పొలం అమ్మి దేవునికిస్తామని చెప్పి కొంత దాచుకున్న మొగుడూ పెళ్లాలు అపొస్తలుల కాళ్ల దగ్గర పడి చచ్చిపోయిన సంగతి ఆమెకూ తెలుసు కదా అన్నాడు. అది తెలియని ఇల్లు ఆ సంఘంలో లేదు.

"వాళ్లు దాచుకున్న్యారు. మనం ఇచ్చింది తిరిగి తెచ్చుకుంటే వాళ్లకంటే కనాకష్టం" అన్నాడు.

"నువ్వు పిల్లోళ్ల నెత్తి మీద కప్పు పీకుతాండావు. అది పాపం కాదా?"

అతను గోడ వైపు తిరిగి పడుకున్నాడు. ఆ వీపును చూస్తూ సారమ్మ నిర్ణయించుకుంది.

మరునాడు అతను మిల్లుకు పోగానే ఆమె ఆళ్లగడ్డ బస్సెక్కింది. శిరివెళ్ల దాటేదాకా కిటికీలోంచి చూస్తూనే ఉంది గానీ ఏం చూసిందో ఆమెకే తెలియదు. హన్నమ్మ గుడిసె ముందు కూర్చుని చింతపండు కొడుతోంది. సారమ్మ సంగతంతా చెప్పి, కొంగు ముడి విప్పి ఐదు రూపాయలు తీసింది.

"నాకేం తెలుసు బిడ్డా అదేం కాగితమో. నీ మొగుడు అంతమంది ముందర తల దించుకుని నిలబడినాడు, ఒక్కడూ నోరు తెరవల్యా. సూడల్యాక పాడినా. తీసుకపో. ఆ దుడ్లు నాకొద్దు. నేనిచ్చింది దేవునికి, నీకు గాదు." హన్నమ్మ లోపలి నుంచి కాగితాలు తెచ్చిచ్చింది. "జీవరత్నం పంపిన్యాడా నిన్ను?"

సారమ్మ అబద్ధం చెప్పలేదు, నిజమూ చెప్పలేదు. లేచి బస్సుకు టైమయిందని వచ్చేసింది. నంద్యాలలో దిగి నేరుగా మిల్లు ఆఫీసుకు పోయి కృష్ణస్వామి ముందు కాగితాలు పెట్టింది. ఆయన వాటిని చూసి, "ఇల్లు నిలబెట్టుకున్నావమ్మా" అన్నాడు.

సాయంత్రం జీవరత్నం సంగటి తింటుండగా చెప్పింది. అతను ముద్ద నోట్లో పెట్టుకోబోయి ఆపి మళ్లీ కంచంలో పెట్టాడు.

"హన్నమ్మత్తకు ఐదు రూపాయలు ఇస్తివా?"

"తీసుకోల్యా."

"ఊఁ" అన్నాడు. చెయ్యి కడుక్కుని బయట అరుగు మీద కూర్చున్నాడు. ఆమె తిట్లకు సిద్ధపడి ఉంది. అతను తిట్టి ఉంటే ఎంత బాగుండేదో తర్వాత తర్వాత ఆమెకు తెలిసొచ్చింది.

నెలకొకసారి మొదటి ఆదివారం వాళ్లు ఊరికి పోయేవాళ్లు. ఆ రోజు అయ్యగారు వచ్చి ప్రభువు భోజనం ఇస్తాడు. మగవాళ్లు ముందు, ఆడవాళ్లు తర్వాత లేచి బల్ల దగ్గరకు పోయి మోకరించి రొట్టె, ద్రాక్షరసం తీసుకుంటారు; మనసులో పాపం మోస్తున్నవాళ్లు మాత్రం లేవకుండా కూర్చుంటారు. ఆ నెల మగవాళ్లు లేచినప్పుడు జీవరత్నం లేవలేదు. కాళ్లు ముడుచుకుని చాప మీదే కూర్చున్నాడు. వరస అతన్ని దాటుకుని పోయింది. ఆడవాళ్ల వంతు వచ్చినప్పుడు ఆమెకు ఏం చేయాలో తోచలేదు. పక్కవాళ్లు లేచారని తనూ లేచింది. రొట్టెముక్క తిని, అతని వైపు చూడకుండా వచ్చి కూర్చుంది.

మరుసటి నెలా లేవలేదు. ఆ పై నెలా అంతే. జనం మొదట గుసగుసలు పోయారు, తర్వాత అలవాటు పడ్డారు. బల్ల మీది కాగితాలు వెనక్కి పోయిన సంగతి తెలిసినవాళ్లు కొందరు సారమ్మను చూసి మాట మార్చేవాళ్లు. అయ్యగారు జీవరత్నాన్ని పక్కకు తీసుకుపోయి మాట్లాడాడు. ఏం మాట్లాడుకున్నారో ఆమెకు తెలియదు.

ఇంట్లో అతను మామూలుగానే ఉన్నాడు. జీతం తెచ్చిచ్చేవాడు, పదో వంతు తీసేవాడు, పిల్లలను బడిలో దింపేవాడు. ఆమెకు జ్వరమొస్తే తనే గంజి కాచేవాడు. కానీ మొదటి ఆదివారం వస్తే చాలు, చాప మీద ఆ మనిషి రాయిలా కూర్చునేవాడు. ప్రభువు ఎదుట కూర్చుని పెళ్లాం పాపాన్ని ఊరందరికీ చూపిస్తున్నాడని సారమ్మకు మంట. ఇది కోపమే అని ఆమెకు గట్టి నమ్మకం. నోటితో తిట్టలేని మగవాడు వేసే శిక్ష ఇలాగే ఉంటుందనుకుంది. ఒకసారి తట్టుకోలేక అడిగింది కూడా.

"నా మీద కోపమా నీకు?"

"ల్యా."

"మరి ఎందుకు లేయవు?"

"లేస్తాలే."

ఆమె మళ్లీ అడగలేదు. అభిమానం ఆమెకు మాత్రం ఉండదా? నువ్వు కూర్చుంటే కూర్చో, నేను మాత్రం పోతాను అన్నట్టు ప్రతి నెలా తలెత్తుకుని బల్ల దగ్గరకు పోయి వచ్చేది.

అట్లా ఏళ్లు గడిచాయి. పెద్దపిల్ల టీచరు ట్రైనింగుకు పోయింది. ముసలి షావుకారు కాలం చేశాడు. మిల్లులో గింజల నూనె తీసే యంత్రాలు వచ్చాయి, కొత్త షెడ్లు లేచాయి. పత్తి నుసి జీవరత్నం ఛాతీలోకి దిగి, చలికాలమంతా దగ్గుతూ కూర్చునేవాడు. పని మానేయమని డాక్టరు చెబితే, పదేళ్లు నిండకుండా ఎట్లా మానేస్తానన్నాడు. ఆ మాట విన్నరోజు సారమ్మ పొయ్యి దగ్గర కూర్చుని ఏడ్చింది. ఇల్లు కావాలన్నది తను. దగ్గుతున్నది అతను.

ఎనభై నాలుగు జనవరిలో షేర్లు పూర్తిగా అతనివయ్యాయి. కృష్ణస్వామికి అప్పటికి చూపు తగ్గింది, మాట తగ్గలేదు.

"చూసినావా జీవరత్నం, ఒకటికి ఎనిమిదైంది. ఆ పొద్దు ఐదు రూపాయలకు వేలంలో పోయిన కాగితాలివి!"

కొన్ని అమ్మిపెట్టాడు ఆయనే. డబ్బు ఇంటికొచ్చిన రోజు సారమ్మ మొగుడి చెయ్యి వైపే చూసింది. ఎక్కువున్నప్పుడు చెయ్యి రాదన్న మనిషి ఇప్పుడేం చేస్తాడో చూడాలనుకుంది. అతను అమ్మిన వాటికే కాదు, మిగిలిన వాటికి కూడా ఆనాటి విలువ కట్టించి, మొత్తానికీ పదో వంతు తీసి పక్కన పెట్టాడు. చెయ్యి ఒక్క క్షణం కూడా వెనకాడలేదు. మిగిలిన దాంతో ఊరి చివర కాస్త స్థలం కొన్నారు. బేతంచెర్ల నుంచి బండలు లారీలో వచ్చి దిగాయి.

ఆ ఏడు కోతల పండుగకు జీవరత్నం ఆ డబ్బు తీసుకుపోయి బల్ల మీద పెట్టాడు. కొత్తగా వచ్చిన అయ్యగారు ఆ మొత్తం చదివితే గుళ్లో ఒక్కసారిగా స్తోత్రాలు మోగాయి. సంజీవయ్య ముసలితనంలోనూ గొంతెత్తి, "ఏసయ్య కొడుకప్పా!" అన్నాడు. సారమ్మ కొంగుతో కళ్లు తుడుచుకుంది. అయిపోయింది, బాకీ తీరింది, వచ్చే మొదటి ఆదివారం నా మొగుడు లేస్తాడు అనుకుంది. ఆ మధ్య రోజుల్లో ఆమె పునాదుల దగ్గర పని చేసే కూలీలతో కూడా నవ్వుతూ మాట్లాడింది.

మొదటి ఆదివారం వచ్చింది. మగవాళ్లు లేచారు. జీవరత్నం లేవలేదు.

గుడి వదిలాక ఆళ్లగడ్డకు నడిచి, బస్సు కోసం నిలబడినచోట ఆమె ఇక ఆగలేకపోయింది. దారిన పోయేవాళ్లు చూస్తున్నా లెక్కచేయలేదు.

"ఏం మనిషివయ్యా నువ్వు? ఎనిమిదింతలు కట్టినావు గదా! ఇంకా ఏం బాకీ ఉండావు ఆయనకు? పదేండ్లు నన్ను దోషిగా కూర్చోబెట్టినావు. ఇంకెన్నేండ్లు? నేను చచ్చిందాకానా?"

జీవరత్నం నిజంగానే ఆశ్చర్యపోయి ఆమెను చూశాడు. దగ్గు తెర ఒకటి వచ్చిపోయేదాకా ఆగి అన్నాడు:

"నిన్ను దోషిగా కూర్చోబెట్టిందెవరే? కూర్చున్యాది నేను గదా."

"ఎందుకు కూర్చున్యావు మరి?"

"కట్టింది దుడ్లు సారా. బల్ల మీద నుంచి వెనక్కి తెచ్చింది తెచ్చిందే. అది దుడ్లతో పోదు. ఇద్దరిట్లో ఎవరో ఒకరు కూర్చోవాల. అయ్యగారు అడిగితే నేనే మనసు మార్చుకుని ఆడమనిషిని పంపినానని చెప్పినా. నువ్వు కూర్చుంటే ఊరంతా నిన్ను పీక్కతిందురు. నువ్వు ఓర్చుకోల్యావు." రోడ్డు వైపు తిరిగాడు. "ప్రతి నెలా నువ్వు లేచి పోతాంటే చూసేవాన్ని. బాగుండేది."

బస్సు వచ్చింది. ఎవరో తోసుకుంటూ ఎక్కారు. సారమ్మకు సీటు దొరికింది, జీవరత్నం కడ్డీ పట్టుకుని ఆమె పక్కనే నిలబడ్డాడు. పదేళ్లు తన మీద కక్షగట్టాడని తను ఒక మనిషిని ద్వేషించింది. తలెత్తుకుని, అతన్ని దాటుకుని, నెలనెలా రొట్టె తిని వచ్చింది. నంద్యాల వచ్చేదాకా ఆమె కళ్లెత్తి అతన్ని చూడలేకపోయింది.

మర్నాడు పొద్దున్నే మొగుడికి చెప్పకుండా ఆళ్లగడ్డ బస్సెక్కింది. అలా చెప్పకుండా ఆ బస్సెక్కడం ఆమె జన్మలో అది రెండోసారి. అయ్యగారి ఇంటికి పోయి, కాగితాలు తెచ్చింది తనేననీ, మొగుడు వద్దని చెప్పినా తెచ్చిందనీ, దాన్ని ఆయన తన మీద వేసుకున్నాడనీ మొత్తం చెప్పింది. కొత్త అయ్యగారు వయసులో చిన్నవాడు. విని ఆమెను కూర్చోమన్నాడు.

"పిల్లల కోసం చేసినావమ్మా. ప్రభువు ఎప్పుడో క్షమించింటాడు. ఆ బల్ల మనది కాదు, ఆయనది. ఈసారి ఇద్దరూ కలిసి రండి."

"వస్తా అయ్యగారూ. రాకుండా యాడికి పోతా? ముందు ఆయన్ను పిలవండి, మీరు పిలిస్తే లేస్తాడు. నేను కొన్నాళ్లకు వస్తా."

తర్వాతి నెల మొదటి ఆదివారం గుడి నిండా జనం. అయ్యగారు రొట్టె విరిచి, మగవాళ్లు లేచే ముందు బల్ల వెనక నుంచి, "జీవరత్నం గారూ, రండి" అని పేరు పెట్టి పిలిచాడు. జీవరత్నం తల ఎత్తలేదు. ఆడవాళ్ల వైపు నుంచి సారమ్మ గొంతు గుళ్లో అందరికీ వినబడేలా లేచింది.

"పో. అయ్యగారికి అంతా నేను చెప్పేసినా."

జీవరత్నం తిరిగి ఆమెను చూశాడు. అర్థమయ్యేందుకు కాసేపు పట్టింది. పక్కనున్న మనిషి భుజం ఆసరా చేసుకుని లేచాడు. పోయి బల్ల ముందు మోకరించినప్పుడు వెనక నుంచి అతని వీపు కదలడం ఆమెకు కనబడింది. దగ్గో ఏడుపో తెలియలేదు.

ఆడవాళ్ల వంతు వచ్చింది. చాపలన్నీ ఖాళీ అవుతున్నాయి. పక్కనున్న బాలమ్మ లేస్తూ సారమ్మను మోచేత్తో పొడిచింది.

"లేయ్ సారమ్మా, వరస పోతాంది."

"నువ్ పోమ్మా" అంది సారమ్మ, కాళ్లు ముడుచుకుని చాప మీద సర్దుకుంటూ. "నేను ఈడ కూర్చోవాల."